4కె ప్లాన్‌కి డబ్బు కట్టే ముందు: టీవీలో బొమ్మనీ చందాలనీ సరిచూసుకోవడం

నెలనెలా ఓటీటీల ఖరీదైన 4కె ప్లాన్‌కి డబ్బు పోతుంటుంది, తెర మీద కనిపించేది మాత్రం అంతకన్నా తక్కువ చుక్కలుండే 1080పీ (ఫుల్ హెచ్‌డీ) బొమ్మే. అలా పోతున్నట్టు తెలియదు కూడా. 4కె బొమ్మ కంటిదాకా రావాలంటే ప్లాన్, యాప్, టీవీకి తగిలించే స్ట్రీమింగ్ స్టిక్, హెచ్‌డీఎంఐ కేబుల్, టీవీ పోర్టు, నెట్ ఇవన్నీ దానికి సరిపోవాలి. ఒక్కటి తక్కువైతే చాలు, మిగతావి ఎంత మంచివైనా బొమ్మ దాని స్థాయికే దిగిపోతుంది. కాబట్టి ముందు ఇంట్లో ఉన్న సరంజామా దేనికి పనికొస్తుందో తేల్చుకోండి. ప్లాన్ సంగతి ఆ తర్వాత.

తెర మీద వస్తున్నది ఎంత?

టీవీ రిమోట్‌లో ఇన్ఫో బటన్ నొక్కితే ‘3840×2160’ అని కనిపిస్తుంది. దాన్ని చూసి 4కె వస్తోందని అనుకోకండి. అది స్టిక్ నుంచి టీవీకి వెళ్తున్న సిగ్నల్ లెక్క. స్టిక్ అవుట్‌పుట్ 4కెలో పెట్టి ఉంటే, పైనుంచి 480పీ వచ్చినా సాగదీసి 4కెగానే పంపుతుంది. అసలు స్ట్రీమ్ ఎంతో యాప్‌లోనే తెలియాలి.

యూట్యూబ్‌లో అయితే వీడియో నడుస్తుండగా గేర్ గుర్తులోకి వెళ్లి ‘స్టాట్స్ ఫర్ నెర్డ్స్’ ఆన్ చేయండి. ‘కరెంట్ / ఆప్టిమల్ రెస్’ అనే వరుసలో మొదటి అంకె ఇప్పుడు వస్తున్నది, రెండోది మీ తెరకు తగినది. రెండూ 3840×2160 ఉంటే పోర్టు, నెట్ బాగున్నట్టే. మొదటిది 1280×720 దగ్గరే ఆగి, కింద ‘బఫర్ హెల్త్’ (ముందే తెచ్చిపెట్టుకున్న వీడియో) సెకన్లు సున్నా వైపు జారుతుంటే తప్పు నెట్‌ది. నెట్‌ఫ్లిక్స్‌లో సినిమా పేరు పక్కన ‘అల్ట్రా హెచ్‌డీ 4కె’ గుర్తు కోసం చూడండి. ప్లానూ పరికరమూ రెండూ ఒప్పుకుంటేనే అది కనిపిస్తుంది.

ప్లే నొక్కిన మొదటి పది ఇరవై సెకన్లు బొమ్మ మసకగా ఉండటం మామూలే. నెట్ వేగం ఎంతో అంచనాకి వచ్చేదాకా యాప్ చిన్న సైజు ముక్కలే తెప్పించుకుంటుంది. నిమిషం దాటినా తేరుకోకపోతేనే వెతకాలి.

ఎక్కడ తెగుతోంది

ముందు పోర్టు. టీవీకి ఉన్న హెచ్‌డీఎంఐ పోర్టులన్నీ ఒకే రకం కాకపోవచ్చు. పక్కన ‘4కె 60 హెర్ట్జ్’ (సెకనుకి 60 సార్లు తెర మారడం) అని రాసి ఉన్నదాంట్లో స్టిక్ పెట్టండి. అంతటితో అయిపోదు, టీవీ మెనూలో ఆ పోర్టుకి పూర్తి సిగ్నల్ అనుమతించాలి. ఆ సెట్టింగ్‌కి కంపెనీకో పేరు: శామ్‌సంగ్‌లో ‘ఇన్‌పుట్ సిగ్నల్ ప్లస్’, ఎల్‌జీలో ‘డీప్ కలర్’, సోనీలో ‘హెచ్‌డీఎంఐ సిగ్నల్ ఫార్మాట్’. ఇది ఆఫ్‌లో ఉంటే టీవీకి హెచ్‌డీఆర్ (వెలుగునీడల్నీ రంగుల్నీ ఇంకా బాగా చూపే పద్ధతి) ఉన్నా స్టిక్‌కి ఆ సంగతి తెలియదు.

కేబుల్ మీద ఎక్కువ ఖర్చు పెట్టక్కర్లేదు. 4కె 60 హెర్ట్జ్‌కి 18 జీబీపీఎస్ మోసే ‘ప్రీమియం హై స్పీడ్’ కేబుల్ చాలు. 48 జీబీపీఎస్ రకం 120 హెర్ట్జ్ గేములు ఆడేవాళ్లకి. చెడ్డ కేబుల్ వల్ల తెర మీద తెల్ల చుక్కలు మెరుస్తాయి, లేదా ఉండుండి తెర నల్లబడి మళ్లీ వస్తుంది. బొమ్మ మసకబారడానికి మాత్రం కేబుల్ కారణం కాదు. అందులో వెళ్లేది డిజిటల్ సిగ్నల్, కేబుల్ దానికి మేకప్ వేయనూ లేదు, మసి పూయనూ లేదు.

మధ్యలో పాత ఆడియో రిసీవర్ ఉంటే అనుమానించండి. 4కె సినిమాలకి హెచ్‌డీసీపీ 2.2 (హెచ్‌డీఎంఐ దారిలో కాపీ కాకుండా కాచే రక్షణ) కావాలి. దారిలో ఏ ఒక్క పెట్టెకి అది లేకపోయినా యాప్ 1080పీకి దిగిపోతుంది. స్టిక్‌ని నేరుగా టీవీకి పెట్టి, శబ్దాన్ని టీవీ ఏఆర్‌సీ పోర్టు (శబ్దాన్ని బయటికి పంపే హెచ్‌డీఎంఐ పోర్టు) నుంచి రిసీవర్‌కి పంపితే సరిపోతుంది.

ఊరూపేరూ లేని చవక ఆండ్రాయిడ్ బాక్సులది ఇంకో తంటా. చాలావాటిలో వైడ్‌వైన్ (గూగుల్ కాపీ రక్షణ) పై స్థాయి ఎల్1 ధ్రువీకరణ ఉండదు, కింది స్థాయి ఎల్3 మాత్రమే ఉంటుంది. డబ్బా మీద 8కె అని అచ్చువేసినా పెద్ద ఓటీటీలు అలాంటివాటికి 480పీ చుట్టుపక్కలే ఇస్తాయి. ఏ సెట్టింగ్ మార్చినా లాభం లేదు. ‘డీఆర్‌ఎం ఇన్ఫో’ లాంటి యాప్ వేసి ‘సెక్యూరిటీ లెవెల్’ దగ్గర ఎల్1 ఉందో లేదో చూడండి. ఎల్3 అని ఉంటే ఆ బాక్సుకి 4కె ప్లాన్ కట్టడం బూడిదలో పోసిన పన్నీరే.

ఇక నెట్. నెట్‌ఫ్లిక్స్ లెక్కలో 1080పీకి 5 ఎంబీపీఎస్, 4కెకి 15 ఎంబీపీఎస్ కావాలి. స్పీడ్ టెస్ట్ సోఫాలో ఫోన్ మీద చేస్తే ఉపయోగం లేదు. స్టిక్ ఉండేది టీవీ వెనక, గోడకి ఆనుకుని, సిగ్నల్ అందని చోట. ఆ స్టిక్ మీదే, రాత్రి అందరూ చూసే వేళలోనే పరీక్షించండి. నెట్‌ఫ్లిక్స్ యాప్‌లో ‘గెట్ హెల్ప్’ కింద నెట్‌వర్క్ తనిఖీ ఉంటుంది. తక్కువ వస్తే 5 గిగాహెర్ట్జ్ వైఫైకి మార్చండి. స్టిక్‌తో పాటు చిన్న హెచ్‌డీఎంఐ ఎక్స్‌టెండర్ ముక్క వచ్చి ఉంటే, దాన్ని తగిలించి స్టిక్‌ని టీవీ అంచుకి జరపండి. చాలామంది దాన్ని డబ్బాలోనే వదిలేస్తారు. తీగ లాగగలిగితే ఇంకా మేలు. టీవీ ఈథర్‌నెట్ పోర్టు చాలా మోడళ్లలో 100 ఎంబీపీఎస్‌కి మించదు, అయినా సినిమాలకి అది ధారాళం.

స్టిక్ దానంతటదే ఆగి మళ్లీ మొదలవుతుంటే, టీవీ యూఎస్‌బీ నుంచి కరెంట్ ఇస్తున్నారేమో చూడండి. మామూలు యూఎస్‌బీ 2.0 పోర్టు ఇచ్చేది 500 మిల్లీయాంపులు. స్టిక్‌తో వచ్చిన అడాప్టర్‌నే వాడండి.

రంగులు, కదలిక

స్టిక్‌లో హెచ్‌డీఆర్‌ని ‘ఆల్వేస్’లో పెడితే మామూలు వీడియోల రంగులు కూడా మారిపోయి, ముఖాలు పాలిపోయినట్టో ఎర్రబడ్డట్టో కనిపిస్తాయి. ‘అడాప్టివ్’ లేదా ‘మ్యాచ్’ ఎంచుకోండి. సినిమా సెకనుకి 24 ఫ్రేములు, టీవీ 60 సార్లు తెర మారుస్తుంది. లెక్క కుదరక ఒక ఫ్రేము మూడుసార్లు, తర్వాతది రెండుసార్లు పడుతుంది. కెమెరా నెమ్మదిగా పక్కకి తిరిగే షాట్లలో బొమ్మ కుదుపుగా కదిలేది అందుకే. ‘మ్యాచ్ ఫ్రేమ్ రేట్’ ఆన్ చేస్తే పోతుంది. సినిమా మొదట్లో తెర ఒకటి రెండు సెకన్లు నల్లబడుతుంది, భయపడొద్దు. సినిమా కాస్తా సీరియల్‌లా నున్నగా కనిపిస్తే అది టీవీలోని మోషన్ సెట్టింగ్ పని, ఆపేయండి. ‘ఫిల్మ్‌మేకర్ మోడ్’ ఉంటే దాన్ని పెట్టుకుంటే చాలు.

4కె అసలు కావాలా?

43 అంగుళాల టీవీకి సుమారు 1.7 మీటర్లు, 55 అంగుళాలదానికి 2.2 మీటర్లు దాటి కూర్చుంటే, మామూలు చూపుకి 1080పీ చుక్కలే విడిగా కనిపించవు. ఇక 4కెలో అదనపు చుక్కల వల్ల ఒరిగేది తక్కువ. ఆ ప్లాన్‌లో కంటికి తెలిసే తేడా ఎక్కువగా హెచ్‌డీఆర్‌ది. టీవీకి మంచి వెలుగు లేకపోతే ఆ తేడా కూడా ఉండదు. అలాంటి ఇంట్లో మధ్య ప్లాన్ చాలు. డేటా కూడా చూసుకోండి: 4కె గంటకి 7 జీబీ దాకా తాగుతుంది. రోజుకి రెండు గంటల చొప్పున నెలకి 420 జీబీ. బ్రాడ్‌బ్యాండ్‌కి పరిమితి ఉంటే నెల చివర్లో బొమ్మ మసకబారడానికి కారణం ఇదే కావచ్చు.

చందాల లెక్క

ఒక కాగితం మీద ప్రతి చందాకీ నాలుగు వివరాలు రాయండి: ఏ మెయిల్‌తో తీసుకున్నారు, డబ్బు ఎవరి ద్వారా వెళ్తోంది, రెన్యువల్ తేదీ, ఎంత. ముఖ్యమైనది రెండోది. ఓటీటీ సొంత సైట్‌లో తీసుకున్నది అక్కడే ఆపాలి. గూగుల్ ప్లే ద్వారా తీసుకున్నది ప్లే స్టోర్‌లో ప్రొఫైల్ బొమ్మ నొక్కి, ‘పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్’లో. ఆపిల్ ద్వారా అయితే సెట్టింగ్స్‌లో మీ పేరు కింద, అదీ రెన్యువల్‌కి కనీసం 24 గంటల ముందు. టీవీలోంచి యాప్ తీసేస్తే చందా ఆగదు. మొబైల్ లేదా బ్రాడ్‌బ్యాండ్ ప్లాన్‌తో ఉచితంగా వస్తున్నదానికే విడిగా కూడా కడుతుంటారు కొందరు. జాబితా రాస్తే ముందుగా బయటపడేది ఇదే.

ఒక సిరీస్ కోసం నెల చందా తీసుకుంటే అదే రోజు ఆటో రెన్యువల్ ఆపేయండి. కట్టిన గడువు దాకా మామూలుగా చూసుకోవచ్చు. ఉచిత ట్రయల్ విషయంలో మాత్రం జాగ్రత్త, కొన్నింట్లో ఆపగానే యాప్ మూతపడుతుంది. క్యాన్సిల్ పేజీలో తేదీ చదివాకే నొక్కండి. ఏడాది ప్లాన్ కట్టే ముందు దాని ధరని నెల ధరతో భాగించండి. 8 వస్తే, ఏడాదిలో 9 నెలలైనా చూసేవాళ్లకే అది లాభం. పండక్కి నాలుగు సినిమాలు చూసేవాళ్లకి నెల ప్లానే చవక.

పిల్లలు రిమోట్ పట్టుకునే ఇంట్లో కొనుగోళ్లకి పిన్ పెట్టండి. అద్దె సినిమా కొనడానికి రెండు నొక్కులు చాలు. పాత స్టిక్ ఎవరికైనా ఇచ్చేటప్పుడు యాప్‌ల నుంచి సైన్ అవుట్ చేసి, ఫ్యాక్టరీ రీసెట్ కొట్టి, తర్వాత ప్రతి ఓటీటీ ఖాతాలో ‘మేనేజ్ డివైసెస్’ తెరిచి దాని పేరు అక్కడ కూడా తీసేయండి.