పాత ఫిల్మ్ ముక్కకు మాటలు రాయాలంటే

పాత ఫుటేజ్ చేతికి రాగానే ముందు సౌండ్ ఆపేసి చూడండి. నాగార్జునసాగర్ డాక్యుమెంటరీకి స్క్రిప్ట్ రాసేటప్పుడు నాకు నాలుగు నిమిషాల బ్లాక్ అండ్ వైట్ ముక్క దొరికింది. అందులో వ్యాఖ్యానం ఎంత గంభీరంగా ఉందంటే, రెండుసార్లు చూసినా బొమ్మ కంటికి ఆనలేదు. గొంతు తీసేశాక కనబడింది. సారువ (కట్టడానికి వేసిన కర్రల కట్టు) మీద ఎక్కుతున్న వరసలో ఒకామె ఆగింది. ఒక చేత్తో గంప కాస్త ఎత్తిపట్టి, రెండో చేత్తో చుట్టకుదురు సర్దుకుని, కెమెరా వైపు చూసి మళ్లీ నడిచింది. అంతా కలిపి మూడు సెకన్లు. నా స్క్రిప్ట్ మొత్తం దాని చుట్టూనే కట్టుకున్నాను.

తర్వాత షాట్ల చిట్టా రాయండి. కంటికి కనిపించింది మాత్రమే రాయాలి. 'శ్రమజీవులు' అని కాదు, 'పదకొండు మంది, నలుగురు ఆడవాళ్లు, ఎవరికీ చెప్పుల్లేవు' అని.

డబ్బా మీద చీటీని నమ్మేయకండి. నాకు దొరికినదాని మీద 1955 అని ఉంది. నెహ్రూ శంకుస్థాపన చేసింది ఆ ఏడాది డిసెంబరు 10న. షాట్‌లో చూస్తే గోడ అప్పటికే చాలా పైకి లేచి ఉంది. ఇరవై రోజుల్లో అంత కట్టడం ఎలా లేస్తుంది? సాగర్ హిల్ కాలనీలో, డ్యామ్ కట్టినప్పుడు పనిచేసిన ఒక తాతకు ఫోన్‌లో చూపించాను. "అప్పటికి మేం ఏటి మట్టం దాటి ఎప్పుడో పైకొచ్చేశాం తల్లీ" అన్నాడు. ఏ సంవత్సరమో ఆయనకూ గుర్తులేదు. అందుకే నా స్క్రిప్ట్‌లో 'కట్ట లేస్తున్న రోజులు' అనే ఉంది, అంకె లేదు.

బొమ్మ చెబుతున్నదాన్ని మాట మళ్లీ చెప్పకూడదు. మొదట నేను 'వందలాది కూలీలు రాళ్లు మోశారు' అని రాసి కొట్టేశాను, అది తెర మీద కనిపిస్తూనే ఉంది కదా. దాని బదులు, మునిగిపోబోయే లోయలో ఇక్ష్వాకుల పాత రాజధాని విజయపురి కోసం 1954 నుంచి 1960 దాకా సాగిన తవ్వకాల గురించి రాశాను. కనిపిస్తున్నది గోడ, వినిపిస్తున్నది ఆ గోడ వల్ల నీళ్లలోకి పోయే ఊరు. ఆ రెండూ పక్కపక్కన పడ్డాకే సీన్‌కు ప్రాణం వచ్చింది. పది సెకన్ల షాట్‌కు పన్నెండు మాటలు మించితే నేను కోసేస్తాను.

ఒకే ముక్కను రెండుసార్లు వాడటానికి భయపడకండి. 1967లో కాలువలకు నీళ్లు వదిలిన ఘట్టం తర్వాత ఆ గంప మోసినామె షాట్ మళ్లీ వేశాం. మొదటిసారి గుంపులో ఒకరు, రెండోసారి ప్రేక్షకుడికి తెలిసిన మనిషి.

ఆమె చూపుకు ఎదురుగా నెహ్రూ షాట్ పెడదామన్నాడు ఎడిటర్. చూడ్డానికి అదిరిపోయేది. కానీ ఆమె చూసింది కెమెరాను, ఆయన్ని కాదు. చాలాసేపు వాదించుకున్నాం, నేను ఒప్పుకోలేదు. ఆమెకు పేరు పెట్టి కథ అల్లడానికీ ఒప్పుకోలేదు. తనంతట తాను చెప్పుకోలేని మనిషి బొమ్మ మన చేతిలో ఉన్నప్పుడు మరింత జాగ్రత్త కావాలి.

హక్కుల సంగతి ముందే తేల్చుకోండి. మన చట్టంలో సినిమాకు కాపీరైట్ విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. అది తీరినా, ప్రింట్ దాచినవాళ్లు కాపీకి డబ్బు అడగొచ్చు. వాడబోయే నిమిషాలు, ఎక్కడెక్కడ చూపిస్తారో రాయించుకుని, సంతకమైన కాగితం వచ్చాకే ఎడిటింగ్‌కు కూర్చోండి.