భూమి అమ్ముతానని బజానా (అడ్వాన్సు) తీసుకుని రిజిస్ట్రేషన్‌కి రానంటే ఏం చెయ్యాలి

విజయనగరం కోర్టులో నేను వకీలు గుమాస్తాని. ఇరవయ్యేళ్లు దాటింది. భోగాపురం ఎయిర్‌పోర్టు మాట ఖాయమయ్యాక మా బల్ల మీదకి వచ్చే కేసు కట్టల్లో ఒకే కథ. అగ్రిమెంటు రాసుకున్నప్పుడు సెంటు ధర ఒకటి, గడువు నాటికి ఇంకొకటి. అమ్ముతానన్నాయన ఫోన్ ఎత్తడు.

అలాంటప్పుడు ముందు ఆయన ఇంటి చుట్టూ తిరగడం ఆపండి. చీపురుపల్లి వైపు నుంచి ఒక రైతు వచ్చాడు. నలభై సెంట్లకి అగ్రిమెంటు, గడువు ఆరు నెలలు. అడిగినప్పుడల్లా అవతలాయన "సిరిమాను పండగ కానీ", "సంక్రాంతి వెళ్లనీ", "పిల్ల పెళ్లి అవనీ" అంటూ జరుపుకొచ్చాడు. మనవాడు మొహమాటస్తుడు. మా దగ్గరికి వచ్చేసరికి మూడేళ్లకి ఇంకా ఇరవై రోజులే ఉంది. గడువు తేదీ రాసి ఉంటే ఆ తేదీ నుంచి మూడేళ్లలోపు, రిజిస్ట్రేషన్ చేయించమని దావా వెయ్యాలి. తేదీ లేకపోతే, అవతలివాడు కుదరదన్న సంగతి మీకు తెలిసిన రోజు నుంచి లెక్క. మీరు ఎన్నిసార్లు తిరిగారన్నది లెక్కలోకి రాదు. ఆయన నిజంగానే టైం అడిగితే, అగ్రిమెంటు వెనక కొత్త తేదీ రాయించి సంతకం తీసుకోండి. ఇంకొంచెం డబ్బు ఇస్తే చెల్లు కూడా అక్కడే వేయించండి.

గడువు దగ్గర పడగానే లాయర్ నోటీసు స్పీడ్ పోస్టులో పంపండి (రిజిస్టర్డ్ పోస్టు 2025లో అందులో కలిసిపోయింది). "మిగతా సొమ్ము సిద్ధంగా ఉంది, ఫలానా రోజు రిజిస్ట్రార్ ఆఫీసుకి రండి" అని రాయించండి. ఆ రోజు మీరు తప్పకుండా వెళ్లండి. పోస్టు రసీదు, నోటీసు అందినట్టు రుజువు పారేయకండి.

ఇప్పుడు అసలు సంగతి. ఆ రైతు దావా టైంలోనే పడింది, కానీ క్రాస్‌లో, అంటే అవతలి లాయరు ప్రశ్నలు వేసేటప్పుడు, దొరికిపోయాడు.

"మిగతా సొమ్ము ఎక్కడుంది?"

"ఇంట్లో ఉంది బాబూ. జీడిపిక్కలమ్మిన డబ్బు."

అవతలి లాయరు బ్యాంకు స్టేట్‌మెంటు చేతికిచ్చాడు. గడువు రోజున ఖాతాలో 4,216 రూపాయలు. పిక్కలమ్మిన చీటీ ఒక్కటీ లేదు. నా మటుకు నాకు ఆయన అబద్ధమాడలేదనే అనిపించింది. కానీ కోర్టు చూసేది కాగితాన్ని. ఈ దావాలకి వర్తించే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టానికి 2018లో వచ్చిన సవరణ తర్వాత కొనుగోలుదారుకి కొంత బలం వచ్చినా, తాను మొదటి నుంచీ సిద్ధంగా, సుముఖంగా ఉన్నట్టు నిరూపించే భారం మాత్రం పోలేదు. కోర్టు చెబితే తప్ప సొమ్ము డిపాజిట్ చెయ్యక్కర్లేదు, సొమ్ము తేగలనని చూపిస్తే చాలు. ఎఫ్‌డీ, లోన్ శాంక్షన్ లెటరు, ధాన్యం అమ్మిన రసీదు, ఏదైనా సరే, గడువు నాటిదై ఉండాలి.

ఆ దావా పోయింది. అయినా బజానా వడ్డీతో తిరిగొచ్చింది. భూమి ఇప్పించకపోతే కనీసం అడ్వాన్స్ ఇప్పించమని ప్లెయింట్‌లో (దావా అర్జీలో) మా లాయరుగారు ఒక వాక్యం వేశారు కాబట్టి వచ్చింది. ఆ వాక్యం అడిగి మరీ వేయించుకోండి.

కోర్టు ఫీజు బాకీ సొమ్ము మీద కాదు, మొత్తం ధర మీద పడుతుంది. దావా వేసే ముందు ఈసీ, అంటే ఆ భూమి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే సర్టిఫికెట్, తీయించండి. భూమి అప్పటికే ఇంకొకరి పేరు మీదకి వెళ్లిపోయుంటే, అగ్రిమెంటు సంగతి తెలిసి కొన్నాడో లేదో తేలాలి. ఆయన్నీ పార్టీగా చేర్చాలి. దావా పడ్డాక అమ్మితే కొన్నవాడు డిక్రీకి లోబడాల్సిందే. అయినా అమ్మకుండా ఇంజంక్షన్ అడగడం మంచిది, లేకపోతే మనుషులు పెరిగి కేసు సాగుతుంది.

అగ్రిమెంటు రిజిస్టర్ కాలేదని బెంగ వద్దు, ఈ రకం దావాలో దాన్ని సాక్ష్యంగా తీసుకుంటారు. కానీ వంద రూపాయల స్టాంపు మీద "నేడే స్వాధీనం చేశాను" అని రాయించుకున్నారా, చిక్కే. మన రాష్ట్రంలో దానికి సేల్ డీడ్ అంత సుంకం కట్టాలి. కట్టకపోతే లోటు మీద పదింతల పెనాల్టీ. డీ పట్టా భూమి (సర్కారు పేదలకిచ్చినది) అయి, అమ్ముకునే హక్కు ఇంకా రాకపోతే దావా ఖర్చు కూడా దండగ.

గెలిచాక చాలామంది ఊపిరి పీల్చుకుని ఊరుకుంటారు. డిక్రీలో రాసిన గడువులోపు మిగతా సొమ్ము కోర్టులో జమ చెయ్యాలి. తప్పితే అగ్రిమెంటే రద్దు చెయ్యమని అవతలాయన పిటిషన్ వేస్తాడు. జమ చేశాక కూడా ఆయన రాకపోతే ఈపీ (డిక్రీ అమలు చెయ్యమనే పిటిషన్) వేస్తాం. ఆయన బదులు కోర్టు తరఫు మనిషే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకి వచ్చి సంతకం పెడతాడు.