సాంబారు కవరు, ఆవకాయ బకెట్, ఇరవై లీటర్ల క్యాను: ప్లాస్టిక్ రసాయనాలను ఎక్కడ ఆపాలి

మధ్యాహ్నం పన్నెండున్నరకి విశాఖలో అక్కయ్యపాలెంలోనో గోపాలపట్నంలోనో ఏ కర్రీ పాయింట్ దగ్గరైనా కాసేపు నిలబడి చూడండి. పొగలు కక్కే సాంబారు పల్చటి కవరులో పడుతుంది. పైన రబ్బరు బ్యాండు బిగించగానే ఆవిరికి కవరు బుడగలా ఉబ్బుతుంది. దాన్ని ఇంటికి తెచ్చి గిన్నెలో వంచుకునేసరికి ఇరవై నిమిషాలు గడుస్తాయి. అంతసేపూ వేడి, నూనె, చింతపండు పులుపు కలిసి ఆ కవరు మీద పనిచేస్తూనే ఉంటాయి. ప్లాస్టిక్‌లోని రసాయనాలు తిండిలోకి దిగడానికి ఇంతకంటే అనువైన చోటు మన రోజువారీ జీవితంలో ఇంకోటి దొరకదు.

కాబట్టి జాగ్రత్త ఇక్కడే మొదలవ్వాలి. వంటింట్లోని డబ్బాలన్నీ ఒక్కరోజులో బయట పడేయక్కర్లేదు. కందిపప్పు పోసుకున్న డబ్బా గురించి కంగారు పడేవాళ్లే సాంబారు కవరును పట్టించుకోకపోవడం చాలా ఇళ్లలో కనిపించే పొరపాటు. ఫిషింగ్ హార్బర్ నుంచి చేపలు కవరులో తెచ్చుకున్నా అవి చల్లగా ఉంటాయి, గంటలోపే ఇంటికి చేరతాయి. దానికి పెద్దగా బెంగ అక్కర్లేదు.

అసలు జరిగేది ఇది. ప్లాస్టిక్ అంటే ఒకే పదార్థం కాదు. పాలిమర్ అనే పొడవాటి గొలుసుల మధ్య రకరకాల చిన్న అణువులు కలిపి ఉంటాయి: మెత్తదనానికి థాలేట్లు, ఎండకీ వేడికీ పాడవకుండా స్టెబిలైజర్లు, కవర్లు ఒకదానికొకటి అంటుకోకుండా జారుడు పదార్థాలు, ఆపైన రంగులు. వీటిలో చాలావరకు గొలుసుకు అతుక్కుని ఉండవు, మధ్యలో ఇరుక్కుని ఉంటాయంతే. వేడి తగిలితే గొలుసులు వదులై అవి కదలడం మొదలెడతాయి. పైగా వీటిలో ఎక్కువ వాటికి నీళ్లలో కంటే నూనెలో కరిగే గుణం ఎక్కువ. అందుకే మజ్జిగ కంటే గుత్తివంకాయ కూరకి ప్రమాదం ఎక్కువ. ఎంతసేపు ఉంచామన్నది కూడా లెక్కలోకి వస్తుంది.

కర్రీ పాయింట్‌కి మూడు గిన్నెల స్టీలు క్యారేజీ పట్టుకెళ్లండి. నలుగురున్న ఇంటికి సాంబారుకో పప్పుచారుకో లీటరు గిన్నె ఒకటి, కూరలకు 400 మిల్లీలీటర్ల గిన్నెలు రెండు సరిపోతాయి. తూకానికి అమ్మే చోట ముందు ఖాళీ గిన్నె తూచమని అడగండి, లేకపోతే గిన్నె బరువుకీ డబ్బులు కట్టాల్సి వస్తుంది. క్యారేజీని బండి డిక్కీలోనే ఉంచుకోవడం మేలు, ఇంట్లో ఉంటే నూటికి తొంభైసార్లు మర్చిపోతాం. మర్చిపోయిన రోజు కవరు ఇంటికి రాగానే విప్పి స్టీలు గిన్నెలో వంచేయండి. కవరుతోపాటు ఫ్రిజ్‌లో పెట్టొద్దు. కవరు లోపల అంటుకున్న నూనెను వేలితో తోడి తీయొద్దు, కరిగి వచ్చినదంతా ఎక్కువగా ఉండేది ఆ నూనెలోనే. చల్లారిన కూరను కవరుతో సహా వేడినీళ్లలో ముంచి వెచ్చబెట్టడం మరీ చెడ్డ అలవాటు. రంగు కవర్లు, ముఖ్యంగా నల్లవి, రీసైకిల్ చేసిన ప్లాస్టిక్‌తో చేసినవే ఎక్కువ. రీసైకిల్ క్యారీబ్యాగుల్లో తినే పదార్థాలు కట్టకూడదని మన దేశ ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ 2018లో తెచ్చిన ప్యాకేజింగ్ నిబంధనలు చెప్పాయి. ఆహారంలోకి దిగే మొత్తం పదార్థం కిలోకి 60 మిల్లీగ్రాములు దాటకూడదన్న పరిమితీ వాటిలోనే ఉంది. కాకపోతే ఆ పరీక్ష జరిగేది ఆహారానికి పనికొచ్చే ప్లాస్టిక్ మీద. బజార్లో కిలోల లెక్కన అమ్మే ఏ కవరు మీద ఆ పరీక్ష జరిగిందో కొనేవాడికి తెలిసే దారి లేదు.

టీ కూడా ఇంతే. కవరులో పోయించుకోవద్దు, అర లీటరు స్టీలు ఫ్లాస్కు తీసుకెళ్లండి. పేపర్ కప్పు కదా, ఫర్వాలేదనుకుంటారు గానీ దాని లోపల పల్చటి పాలిథీన్ పొర ఉంటుంది. ఐఐటీ ఖరగ్‌పూర్ పరిశోధకులు అలాంటి కప్పుల్లో 100 మిల్లీలీటర్ల వేడినీళ్లు పోసి 15 నిమిషాలు ఉంచితే దాదాపు 25,000 సూక్ష్మ ప్లాస్టిక్ రేణువులు కనిపించాయి. టిఫిన్ సెంటర్‌లో ఇడ్లీ పళ్లెం మీద తడిగుడ్డ పరిచారా, పాలిథీన్ షీటు పరిచారా అన్నది కూడా ఒకసారి చూడండి. షీటైతే గుడ్డ వాడమని అడగండి. నలుగురు అడిగితే మారుస్తారు.

బిర్యానీ వచ్చే నల్ల డబ్బాలను కడిగి దాచుకోవద్దు. నల్లరంగు అన్ని లోపాల్నీ కప్పేస్తుంది కాబట్టి పాత టీవీలు, కంప్యూటర్ల పెంకులు కరిగించిన ప్లాస్టిక్ అందులో కలిసే అవకాశం ఉంది. అలాంటి పెంకులకు మంట అంటుకోకుండా బ్రోమిన్ ఉన్న రసాయనాలు కలుపుతారు. వంటింటి నల్ల సామాన్లలో ఆ రసాయనాలు యూరప్‌లోనూ అమెరికాలోనూ బయటపడ్డాయి.

డబ్బా అడుగున త్రికోణంలో ఉండే అంకె ప్లాస్టిక్ రకాన్ని చెబుతుంది. అందులో ఏం కలిపారో చెప్పదు. 2, 4, 5 పాలిథీన్, పాలీప్రొపిలీన్ రకాలు. పొడి సరుకులకీ చల్లటి వాటికీ ఇవి వాడుకోవచ్చు. 1 పెట్, మామూలు నీళ్ల బాటిల్. 3 పీవీసీ. మెత్తటి పీవీసీ బరువులో మూడో వంతు దాకా థాలేట్లే ఉండొచ్చు, అవి శరీరంలో హార్మోన్ల పనికి అడ్డం పడతాయి. అందుకే మెత్తటి ప్లాస్టిక్ గొట్టంతో వంటనూనె తోడకండి. 6 పాలిస్టైరీన్, థర్మాకోల్ పళ్లేలూ కప్పులూ ఇదే. ఇది తయారయ్యేది స్టైరీన్‌తో. స్టైరీన్ అంటే ఏంటో విశాఖలో ఎవరికీ చెప్పక్కర్లేదు. 2020 మే 7న తెల్లవారుజామున ఎల్‌జీ పాలిమర్స్ ఫ్యాక్టరీ నుంచి లీకై ఆర్.ఆర్. వెంకటాపురాన్ని కమ్మేసింది ఆ ఆవిరే. పళ్లెంలో మిగిలేది లేశమాత్రం, దాన్నీ దీన్నీ ఒకే గాటన కట్టకూడదు. అయినా క్యాన్సర్ పరిశోధనకు సంబంధించిన అంతర్జాతీయ సంస్థ 2018లో స్టైరీన్‌ని ‘బహుశా క్యాన్సర్ కలిగించే’ పదార్థాల వరుసలో చేర్చింది. థర్మాకోల్ పళ్లెంలో వేడి పలావు వడ్డించడం ఎందుకు? ప్లాస్టిక్ పళ్లేలూ గ్లాసులూ 2022 జూలై 1 నుంచి దేశమంతా నిషేధంలోనే ఉన్నాయి. 7 అంటే ‘మిగతావన్నీ’. పాలికార్బొనేట్ వచ్చేది ఈ అంకె కిందే.

అంకె లేని డబ్బా దొరికితే ఇలా తేల్చుకోండి:

1. అంచు నుంచి గోరంత ముక్క కత్తిరించి సబ్బుతో కడగండి. జిడ్డు ఉంటే గాలి బుడగలు పట్టుకుని తప్పు చూపిస్తుంది.
2. గ్లాసు నీళ్లలో వేసి స్పూనుతో అడుగుదాకా నొక్కి వదలండి. తేలితే 2, 4, 5 రకాల్లో ఒకటి.
3. మునిగితే 250 మిల్లీలీటర్ల నీళ్లలో 75 గ్రాముల ఉప్పు పూర్తిగా కరిగించి అందులో వేయండి. ఇప్పుడు తేలితే పాలిస్టైరీన్ జాతి. ఇంకా మునిగితే పెట్, పీవీసీ, పాలికార్బొనేట్‌లలో ఏదో ఒకటి. వాటిలో ఏదైనా వేడివేడి పదార్థానికి వద్దు.

థర్మాకోల్ లోపల గాలి ఉంటుంది కాబట్టి దానికి ఈ పరీక్ష కుదరదు. సుద్దపొడి ఎక్కువగా కలిపిన పాలీప్రొపిలీన్ కూడా మునుగుతుంది. కాల్చి వాసన చూసి కనిపెట్టే పద్ధతి మాత్రం ఎవరు చెప్పినా చేయకండి. పీవీసీ పొగ ఊపిరితిత్తులకు హానికరం.

ఇరవై లీటర్ల నీళ్ల క్యానులు రెండు రకాలు. గాజులా గట్టిగా ఉండి, కొడితే ఖంగుమని మోగే నీలిరంగు క్యాను చాలావరకు పాలికార్బొనేట్, అడుగున 7 ఉంటుంది. కాస్త పల్చగా, నొక్కితే లొత్తపడేది పెట్. పాలికార్బొనేట్ తయారయ్యేది హార్మోన్ల పనికి అడ్డం పడే బీపీఏ అనే రసాయనంతో. 2023లో యూరప్ ఆహార భద్రతా సంస్థ బీపీఏకి రోజువారీ సురక్షిత పరిమితిని శరీర బరువులో కిలోకి 4 మైక్రోగ్రాముల నుంచి 0.2 నానోగ్రాములకు దించింది. అంటే 20,000 రెట్లు తగ్గించింది. అవకాశం ఉంటే పెట్ క్యానే అడిగి తీసుకోండి. పాలికార్బొనేట్ క్యానే వాడాల్సి వస్తే దాన్ని వేడినీళ్లతోనూ సోడాతోనూ కడగొద్దు. ఆ రెండూ కలిస్తే ప్లాస్టిక్ పైపొర విరిగి బీపీఏ విడుదలవుతుంది. గోరువెచ్చని నీళ్లు, గిన్నెలు తోమే లిక్విడ్, మెత్తటి బ్రష్షు చాలు. ఉప్పు, బియ్యం వేసి గిలకొట్టే అలవాటుతో లోపల గీతలు పడతాయి. గీతలు పడి మసకబారిన క్యాను వస్తే వెనక్కి పంపేయండి. ఇక పెట్‌లో, తయారీకి వాడిన యాంటిమొనీ అనే మూలకం కొద్దిగా మిగిలి ఉంటుంది. మామూలు గదిలో నీళ్లలోకి దిగేది చాలా తక్కువే, 60 డిగ్రీలు దాటితే వేగం బాగా పెరుగుతుంది. మే నెలలో అద్దాలెత్తి ఎండలో ఆపిన కారు డ్యాష్‌బోర్డు అంత వేడెక్కగలదు. కారులో రోజుల తరబడి పడున్న బాటిల్ నీళ్లు మొక్కకు పోయండి.

‘బీపీఏ ఫ్రీ’ అన్న ముద్ర చూసి నిశ్చింతగా ఉండొద్దు. దాని బదులు దగ్గరి చుట్టమైన బీపీఎస్ వాడిన సరుకులూ ఉన్నాయి, అదీ హార్మోన్ల జోలికి వెళ్లేదే. ‘మైక్రోవేవ్ సేఫ్’ అంటే డబ్బా కరగదు, వంగదు అనే ఎక్కువగా అర్థం చేసుకోవాలి. మెలమైన్ పళ్లేల్లో వేడి రసం, పులుసు పోయకండి.

పసిపిల్లల పాల సీసాలను పాలికార్బొనేట్‌తో చేయకూడదని మన ప్రమాణాల సంస్థ 2015లోనే ఐఎస్ 14625 లో తేల్చింది. ఇప్పుడు దొరికేవి పాలీప్రొపిలీన్ సీసాలు. అయితే వేడినీళ్లు పోసి కుదిపితే వీటి నుంచి కూడా సూక్ష్మ రేణువులు రాలతాయి. కాబట్టి సీసాని మరిగించాక, కాచి చల్లార్చిన నీళ్లతో మూడుసార్లు తొలవండి. డబ్బా పాలపొడిని 70 డిగ్రీలకు తగ్గని నీళ్లతో స్టీలు గిన్నెలో కలిపి, గోరువెచ్చగా అయ్యాకే సీసాలో పోయండి. గాజు సీసా అయితే ఇంత అవసరమే ఉండదు.

ఇక ఆవకాయ. నూనె, పులుపు, ఉప్పు, ఏడాది నిల్వ: ప్లాస్టిక్‌తో పొసగనివన్నీ ఒక్కచోట చేరే పదార్థం ఇదే. అలాంటిది రంగు డబ్బాల ఖాళీ బకెట్లు కడిగి వాటిలో పచ్చడి పెట్టడం ఇప్పటికీ ఉంది. ఎంత కడిగినా ప్లాస్టిక్ పీల్చుకున్న రంగు రసాయనాలు పోవు, నూనె వాటిని మళ్లీ లాగుతుంది. కాయ కొట్టించి ముక్క కలిపేది వెడల్పాటి స్టీలు బేసిన్‌లో, నిల్వ గాజు సీసాలోనో జాడీలోనో. పాత జాడీ వాడే ముందు లోపలి మెరుపు మీద వేలు పెట్టి తడమండి. పెచ్చులూడినా, సన్నటి నెర్రెలు కనిపించినా పులుపుకి పనికిరాదు, పాత పూతల్లో సీసం ఉండొచ్చు. గాజు సీసాకి రేకు మూత అయితే ఉప్పుకి తుప్పు పడుతుంది. ప్లాస్టిక్ మూత పెట్టుకోవచ్చు, కానీ పైన మూడు సెంటీమీటర్ల ఖాళీ వదలండి. నూనె మూతకి తగలకూడదు. జాడీకి వాసెన గుడ్డ కడితే ఆ గొడవే లేదు. ఇప్పటికే ప్లాస్టిక్‌లో ఉన్న పచ్చడిని ఈ రోజే మార్చండి. బకెట్ అడుగున తెట్టుకట్టి, గోడకి ఎర్రగా అంటుకుపోయిన చివరి నూనె మాత్రం తీసుకోకండి.

డాబా మీది ట్యాంకు కొంటే ఐఎస్ 12701 గుర్తు చూడండి. పాత పీవీసీ పైపుల్లో సీసం కలిపిన స్టెబిలైజర్లు వాడేవారు, వాటిని తొలగించే నిబంధనలు 2021లో వచ్చాయి. అంతకుముందు కట్టిన ఇళ్లలో పొద్దున్న మొదటి రెండు నిమిషాల నీళ్లు తాగడానికి పట్టకుండా బకెట్‌లో పట్టి నేల తుడవడానికి వాడుకోండి.

పక్కన పెట్టిన డబ్బాలు మేకులకీ బట్టల క్లిప్పులకీ వాడుకోండి. పగిలినవి పొడి చెత్తలో వేసి నగరపాలక సంస్థ (జీవీఎంసీ) చెత్త బండికి ఇవ్వండి. భోగి మంటలో మాత్రం వేయకండి. పాత వైర్ల తొడుగులు, పైపు ముక్కలు పీవీసీ. అవి మంటలో కాలితే డయాక్సిన్లనే విష రసాయనాలు పుడతాయి. చలికి కిందికి దిగే ఆ పొగ చుట్టూ చేరిన పిల్లల ముఖాల మీదికే వస్తుంది. భోగి ముందురోజు సాయంత్రమే కుప్పలోంచి వైర్లు, కుర్చీ విరుగుళ్లు, రెగ్జిన్ ముక్కలు ఏరి పక్కన పెట్టి, కర్రలూ పిడకలే మిగల్చండి.