లామార్ లాంటి పాతకాలం సదరన్ జడ్జి జీవితం గురించి ఎలా వెతకాలంటే

పంతొమ్మిదో శతాబ్దం అమెరికా సౌత్‌లో లాయరు, పొలిటీషియన్, జడ్జి మూడూ ఒకే మనిషి అయినవాళ్లు చాలామందే ఉన్నారు, అలాంటివాళ్ల గురించి రాయాలంటే ముందు పదవుల తేదీలు వరసగా ఒక కాగితం మీద రాసుకోండి. ఎల్.క్యూ.సి. లామార్‌నే తీసుకుందాం. 1825లో జార్జియాలో పుట్టాడు, 1857లో మిసిసిపీ నుంచి కాంగ్రెస్‌కి వెళ్లాడు, 1888లో సుప్రీంకోర్టు జడ్జి అయ్యాడు, 1893లో చనిపోయాడు. ఇది అరగంట పని.

అసలు కష్టమంతా మధ్యలోనే. 1861లో మిసిసిపీ యూనియన్ (అమెరికా సమాఖ్య) నుంచి విడిపోయినప్పుడు ఆ ఆర్డినెన్స్, అంటే విడిపోతున్నామన్న ప్రకటన, డ్రాఫ్ట్ చేసింది ఈయనే, 1874లో బానిసత్వాన్ని గట్టిగా ఎదిరించిన చార్లెస్ సమ్నర్ పోతే సభలో నివాళి చెప్పి నార్త్ వాళ్లని కూడా కదిలించిందీ ఈయనే, అందుకే ఒక్క స్పీచ్‌తో మనిషిని అంచనా వేయొద్దు, రెండూ పక్కపక్కన పెట్టి చదవండి. స్పీచ్‌లకి కాంగ్రెస్ చర్చలు అచ్చయ్యే సంపుటాలు చూడండి, 1873 వరకు కాంగ్రెషనల్ గ్లోబ్, ఆ తర్వాత కాంగ్రెషనల్ రికార్డ్. తీర్పులైతే సుప్రీంకోర్టు తీర్పుల సంపుటాలైన యు.ఎస్. రిపోర్ట్స్‌లో ఉంటాయి.

ఇంకోటి, దయచేసి దీన్ని మాత్రం వదిలేయకండి. 1850, 1860 సెన్సస్‌లో స్లేవ్ షెడ్యూల్స్ అని విడిగా ఉంటాయి, యజమాని పేరు కింద బానిసల వయసు, ఆడా మగా, రంగు ఇంతే, వాళ్ల పేర్లు దాదాపు ఎక్కడా ఉండవు, ఆ పేజీలు చూస్తుంటే నాకు గుండె బరువెక్కిపోతుంది. ఆ పేర్లు దొరకాలంటే కౌంటీ కోర్టు రికార్డుల్లో వీలునామాలు, ఆస్తి జాబితాలు ఓపిగ్గా వెతకాలి. 1890 సెన్సస్ మీద ఆశ పెట్టుకోవద్దు, 1921లో మంటలు అంటుకున్నాక అది దాదాపు మొత్తం పోయింది.