రెల్లు మీద సున్నం: కొత్త రాతియుగపు గచ్చు, బొమ్మ మనమే చేసుకోవడం

నేను చేసిన మొదటి బొమ్మ తల రెండో రోజు పొద్దున చూసేసరికి ఊడి బల్ల మీద పడి ఉంది. మెడ దగ్గర రెల్లు కట్టను సన్నగా కట్టి, దాని మీద సున్నం ఒకేసారి రెండు వేళ్ల మందాన పట్టించాను. పైపొర గట్టిపడింది, లోపలిది ఇంకా పెరుగన్నంలా ఉంది. బరువు ఆగలేదు. కింద రాసినవన్నీ అలాంటి తప్పులు చేశాక తెలుసుకున్నవే.

నేను డ్రాయింగ్ టీచర్ని, పురావస్తు శాస్త్రం చదువుకోలేదు. జోర్డాన్‌లో అమ్మాన్ పక్కనే ఉన్న ఐన్ గజల్ బొమ్మల ఫొటో ఒకటి చూసి ఇందులో పడ్డాను. పెద్ద పెద్ద కళ్లు, చిన్న నోరు, మనల్ని దాటి వెనక ఎవరినో చూస్తున్నట్టు ఉండే చూపు. 1983లో ఒక గుంటలో, 1985లో ఇంకో గుంటలో, మొత్తం ముప్ఫై దాకా బయటపడ్డాయి. కొన్ని నిలువు బొమ్మలు, కొన్ని భుజాల వరకే. పెద్దవి మీటరు ఎత్తుంటాయి. వాటి వయసు దాదాపు తొమ్మిది వేల ఏళ్లు. అప్పటికి అక్కడ మట్టికుండ వాడకంలోకి రాలేదు. కుండ కాల్చడం మొదలుపెట్టకముందే రాయిని కాల్చి, నీళ్లలో కలిపి, మళ్లీ రాయిగా మార్చే పని చేతికొచ్చిందన్నమాట.

మనం రెండు చేద్దాం: ఒక అడుగు పలక మీద ఎర్రగా మెరిసే గచ్చు, జానెడు ఎత్తు బొమ్మ. ముందు గచ్చు చేయండి. బొమ్మ మీద ఆత్రం ఉంటుందని తెలుసు, నాకూ ఉండేది. కానీ సున్నం ఎప్పుడు మాట వింటుందో, ఎప్పుడు వినదో చేతికి తెలిసేది గచ్చు దగ్గరే.

ఏ సున్నం?

తెల్లనివన్నీ పాలు కావు. టర్కీలోని చాతల్‌హొయుక్ ఇళ్ల గోడల మీద పొర మీద పొరగా వేసిన తెల్లపూత చూసి అదంతా కాల్చిన సున్నమే అనుకున్నాను. అక్కడ ఎక్కువగా వాడింది తెల్లని సున్నపుమట్టిని నీళ్లలో కలిపి పూసిన పూత. దానికి నిప్పుతో పని లేదు. సిరియా, మెసొపొటేమియా వైపు చాలాచోట్ల జిప్సం. దానికి 150 డిగ్రీల వేడి చాలు, పొయ్యి దగ్గరే పని అయిపోతుంది. పాలస్తీనాలోని జెరికో, ఐన్ గజల్ లాంటి చోట్ల నేలకు వేసింది మాత్రం నిజంగా కాల్చిన సున్నం. దానికి 800 నుంచి 900 డిగ్రీలు కావాలి, అదీ గంటల తరబడి.

కాబట్టి బజారులో దొరికే ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో ఇది చేయకండి. అది జిప్సం, అరగంటలో బిగుసుకుపోతుంది. బొమ్మ వస్తుంది గానీ మీరు నేర్చుకోవాల్సింది ఏమీ నేర్చుకోరు. సిమెంటు కలిపిన సున్నం కూడా వద్దు. కావలసింది నీళ్లలో నానిన సున్నపు ముద్ద. దొరక్కపోతే ముందే నీళ్లు తగిలించి పొడిగా అమ్మే సున్నం (హైడ్రేటెడ్ లైమ్) తెచ్చి, నీళ్లు కలిపి, మూతపెట్టి కనీసం ఒక వారం ఉంచండి. కొన్న పొడి పాతదేమో అని అనుమానం ఉంటే చిటికెడు తీసి దాని మీద వెనిగర్ చుక్కలు వేయండి. బుసబుసా పొంగితే అది గాలి తగిలి అప్పటికే సగం రాయిగా మారిపోయిందని అర్థం. దాన్ని పారేయకుండా ఇసుక బదులు వాడుకోవచ్చు.

ఒక్కసారైనా కాల్చి చూస్తానంటే

కాల్చకపోయినా ఈ పని జరుగుతుంది. కానీ నాకు మనసాగలేదు. కుండలు కాల్చే ఒక స్నేహితుడి బట్టీలో ఓ మూల చోటు అడిగాను. పిడికిలిలో సగం ఉండే సున్నపురాళ్లు 2 కిలోలు తూచి పెట్టాం. నదిలోంచి తెచ్చిన తడిరాళ్లు వద్దు, వేడికి పేలతాయి. నెమ్మదిగా వేడి పెంచి, 900 దగ్గర ఐదు గంటలు ఉంచి, మర్నాడు తీశాం.

రాయి అదే ఆకారంలో ఉంది. చేతి తొడుగు వేసుకుని పట్టుకుంటే మాత్రం రస్కు ముక్కంత తేలిక. పూర్తిగా కాలితే 100 కిలోల శుద్ధమైన సున్నపురాయికి 56 కిలోలే మిగలాలి, మిగతా 44 కార్బన్ డయాక్సైడ్‌గా పోతుంది. ఆ లెక్కన నా 2 కిలోలకి 1.12 రావాలి. తూస్తే 1.3 వచ్చింది. అంటే సుమారు ఐదో వంతు కాలనే లేదు. పగలగొట్టి చూస్తే పెద్ద రాళ్ల నడుమ బూడిదరంగు గింజ అలాగే ఉంది. మొదట టెన్షన్ పడ్డాను గానీ, తర్వాత తెలిసింది, ఆ కాలపు గచ్చులో కూడా కాలని సున్నపురాయి ముక్కలు కనిపిస్తాయట. కొన్ని సరిగా కాలక మిగిలినవి, కొన్ని కావాలనే దంచి కలిపినవి. ఏది ఏదో తేల్చడం పరిశోధకులకే కష్టం. దాన్నిబట్టే ఎంత కట్టె తగలబెట్టారన్న లెక్క మారిపోతుంది. ఐన్ గజల్ చుట్టూ చెట్లు తరిగిపోవడానికి సున్నపు బట్టీలు ఒక కారణమని తవ్వకాలు నడిపిన గ్యారీ రోలెఫ్సన్ వాదన. అందరూ దాన్ని ఒప్పుకోరు. నా 2 కిలోల కోసం మింగిన ఇంధనం చూశాక నేను మాత్రం ఆయన పక్షమే.

బట్టీ లేనివాళ్లు గుంట తవ్వి కాల్చవచ్చు. క్ఫర్ హహోరెష్ అనే చోట పురావస్తువాళ్లు గుంట బట్టీలో కాల్చి చూశారు, సున్నం వచ్చింది. ఇంట్లో, మూసిన షెడ్డులో మాత్రం కాల్చొద్దు. వచ్చే గాలి ఊపిరి ఆడనివ్వదు.

తడపడం

ఇక్కడ ఆటలు వద్దు. కళ్లజోడు, రబ్బరు తొడుగులు, నిండు చేతుల చొక్కా ఉండాలి. ఇనుప బకెట్టు తీసుకోండి. ప్లాస్టిక్ మెత్తబడుతుంది, అల్యూమినియాన్ని సున్నం తినేస్తుంది. ముందు నీళ్లు పోసి, కాల్చిన రాళ్లు ఒక్కొక్కటీ అందులో వేయాలి. రాళ్ల మీద నీళ్లు కుమ్మరించకూడదు, మొహం మీదకి ఎగజిమ్ముతుంది. నీళ్లు సున్నానికి మూడింతలు ఉండనివ్వండి.

మొదటి రాయి వేసినప్పుడు కాసేపు ఏమీ కాలేదు. మా బ్యాచ్ పాడైందనుకున్నాను. అర నిమిషం తర్వాత రాయి మీద వెంట్రుకలాంటి పగులు ఒకటి పాకింది, సుయ్యిమని ఆవిరి, ఆ వెంటనే రాయి పువ్వులా విచ్చుకుని నీళ్లు కుతకుతా ఉడికాయి. బకెట్టు పట్టుకునే ప్రయత్నం చేయకండి. చల్లారాక జల్లెడ పట్టి, పైన రెండు వేళ్ల మందం నీళ్లు నిలిచేలా చూసి, మూతపెట్టి కనీసం నెల ఆగండి. ఎన్నాళ్లు నానితే ముద్ద అంత వెన్నలా ఉంటుంది. కంట్లో పడితే వెంటనే శుభ్రమైన నీళ్లతో ఇరవై నిమిషాలు ఆపకుండా కడిగి, అప్పుడు ఆసుపత్రికి పరుగెత్తాలి. ముందు పరుగెత్తి తర్వాత కడగడం కాదు.

గచ్చు

పలక మీద చిన్న గులకరాళ్లు, మట్టి కలిపి పరిచి, తడిపి, గట్టిగా దిమ్మిసా కొట్టండి. దాని మీద ముతక పొర: ఒక పాలు సున్నపు ముద్దకి మూడు పాళ్లు దంచిన సున్నపురాయి, మందం 2 సెంటీమీటర్లు. తొందరపడి నీళ్లు కలపకండి. గట్టిగా ఉన్నట్టు అనిపించినా పది నిమిషాలు పిసికితే దానంతట అదే మెత్తబడుతుంది. మర్నాడు ఆ పొర తడి చేసి, సన్నని పొర వేయండి. ఒక పాలు ముద్ద, ఒక పాలు మెత్తటి సున్నపురాయి పొడి, 2 లేక 3 మిల్లీమీటర్లు చాలు. మందంగా వేస్తే నెర్రెలు విచ్చుతుంది.

ఇక అసలు పని, రాయితో రుద్దడం. ఎప్పుడు మొదలుపెట్టాలన్నదే చిక్కు. వేలితో నొక్కితే గుంట పడకూడదు, గోటితో గీస్తే గీత పడాలి. ఆ అదను నాకు ఒకరోజు నాలుగు గంటలకి వచ్చింది, ముసురు పట్టిన రోజు పన్నెండు గంటలు పట్టింది. గడియారం చూసి లాభం లేదు. అరచేతిలో ఇమిడే నున్నని గులకరాయి తీసుకుని, చిన్న చిన్న వలయాలు చుడుతూ రుద్దండి. మొదట రాయికి తెల్లగా అంటుకుంటుంది. అంటుకుంటే ఆపి, అరగంట ఆగి మళ్లీ. అదను కుదిరినప్పుడు చప్పుడు మారుతుంది. గరగర పోయి, తడిసిన గాజు మీద వేలు జారినట్టు కీచుమంటుంది. అక్కడినుంచి అడుగు పలకకి నాకు రెండు గంటలు పట్టింది. జెరికోలోనో ఐన్ గజల్‌లోనో ఒక గది నేలంతా ఇలా రుద్దారని తలుచుకుంటే భుజం నొప్పి గురించి మాట్లాడటానికి సిగ్గేసింది.

ఎరుపు కావాలంటే మెత్తటి జేగురును నీళ్లలో కలిపి, మొదటి విడత రుద్దడం అయ్యాక కుంచెతో పల్చగా పూసి, మళ్లీ రుద్దండి. సున్నం తడిగా ఉండగానే పూస్తే రంగును అదే పట్టుకుంటుంది, జిగురు అక్కర్లేదు. ఎండాక పూస్తే చెయ్యి తగిలినప్పుడల్లా ఊడివస్తుంది.

తర్వాత పది రోజులు తడిగుడ్డ కప్పి నీడలో ఉంచాలి. సున్నం ఎండి గట్టిపడదు, గాలిలోని కార్బన్ డయాక్సైడ్‌ను పీల్చి గట్టిపడుతుంది. ఆ పీల్చడానికి కాస్త తేమ కావాలి. ఎండలో పెడితే తొందరగా అవుతుందనుకుని నేను పాడుచేసిన పలక ఇప్పుడు గుమ్మం దగ్గర చెప్పుల కింద ఉంది.

బొమ్మ

ఐన్ గజల్ బొమ్మల్లో రెల్లు ఎప్పుడో కుళ్లిపోయింది. కానీ సున్నం లోపలివైపు రెల్లు కణుపులు, తాడు చుట్లు అచ్చు గుద్దినట్టు మిగిలాయి. ఎలా కట్టారో వాటిని బట్టే తెలిసింది. నేలమీద పడుకోబెట్టి చేశారు, అందుకే ముందునుంచి చూస్తే నిండుగా, పక్కనుంచి చూస్తే బల్లపరుపుగా ఉంటాయి. మీరూ పడుకోబెట్టే చేయండి. నిలబెట్టి చేస్తే నా తలకి పట్టిన గతే.

ఎండిన రెల్లు పది పన్నెండు పుల్లలు జానెడు పొడవున కోసి, నార తాడుతో గట్టిగా చుట్టండి. మెడ మరీ సన్నం వద్దు, మెడలోంచి తలలోకి కనీసం నాలుగు పుల్లలు వెళ్లాలి. భుజాలకి అడ్డంగా ఒక చిన్న కట్ట. రెల్లును తడిపి, ముతక ముద్దను తాడు సందుల్లోకి నొక్కుతూ చిటికెనవేలి మందం వేయండి. రెండు రోజులు ఆగాక తిప్పి వీపు. మళ్లీ రెండు రోజులు. ఆపైన సన్నని ముద్దతో ముఖం, ఒక్కో పొర 3 మిల్లీమీటర్లు దాటకుండా.

ముఖంలో ముక్కు, నోరు తొందరగా ముగించండి, అసలు వాళ్లూ వాటి మీద అంత శ్రద్ధ పెట్టలేదు. కళ్ల దగ్గరే ఆగాలి. ఉబ్బెత్తు కంటిగుడ్డు పెట్టి, చుట్టూ వెదురు పుల్లతో లోతుగా గాడి తీయండి. వాళ్లు ఆ గాడిలో సహజంగా దొరికే తారు నింపారు. నేను దీపపు మసిని తేనెమైనంలో కలిపి నింపాను. నల్లగీత పడేదాకా అది సున్నపు ముద్ద. పడ్డ మరుక్షణం నన్ను చూడటం మొదలుపెట్టింది. జెరికోలో అయితే 1953లో పురావస్తు పరిశోధకురాలు క్యాథ్లీన్ కెన్యన్ బయటికి తీసిన మనుషుల పుర్రెలకి సున్నంతో ముఖం తీర్చి, కళ్ల స్థానంలో గవ్వచిప్పలు పొదిగారు. ఆ పద్ధతి చూడాలనిపిస్తే గుండ్రటి సొరబుర్ర మీద ప్రయత్నించండి, అచ్చం అలాగే పడుతుంది.

పిల్లలతో చేయిస్తే కాల్చడం, తడపడం మీరే ముందుగా ముగించి, నానిన ముద్ద మాత్రం ఇవ్వండి. తొడుగులు, కళ్లజోడు తప్పనిసరి. మా క్లాసులో ఇద్దరు కలిసి రెండు తలల బొమ్మ చేశారు. తప్పు చేశారని పక్కవాళ్లు నవ్వారు. ఐన్ గజల్‌లో రెండు తలలవి మూడు ఉన్నాయని ఫొటో చూపించాక నవ్వు ఆగింది.

బొమ్మ అయిపోయిందని ఎప్పుడు అనుకోవాలి? తొందరగా కాదు. గాలి లోపలికి చేరేది నెలకి సుమారు ఒక మిల్లీమీటరు. మూడు నెలల తర్వాత నా విరిగిన మెడ ముక్క మీద ఫినాల్ఫ్తలీన్ (రాయిగా మారని సున్నం తగిలితే గులాబీరంగు తిరిగే ద్రవం) చుక్క వేశాను. అంచు మూడు మిల్లీమీటర్లు తెల్లగా ఉండిపోయింది, నడుమ అంతా గులాబీరంగు తిరిగింది. గులాబీ ఉన్నంత మేరా అది ఇంకా సున్నమే, రాయి కాలేదు. అందుకని మొదటి ఏడాది బొమ్మను మెడ పట్టుకుని ఎత్తకండి. రెండు చేతులతో నడుం కింద పట్టుకోండి. ఎత్తినప్పుడు లోపల గలగలమంటే భయపడక్కర్లేదు, ఎండిన రెల్లు కుంచించుకుపోయి సున్నం నుంచి విడివడిన చప్పుడు అది.