జాన్ ఆడమ్స్ జీవితాన్ని తెలుగులో రాయడం ఎలా?

లా చదువుతున్నవారు అమెరికా తొలితరం నాయకుల్లో ఒకరి మీద వ్యాసం రాయాలనుకుంటే, జాన్ ఆడమ్స్‌ను ఎంచుకోమని చెబుతాను. ఆయన రెండవ అధ్యక్షుడైనందుకు కాదు, వకీలుగా చేసిన పని కాగితాల మీద నిలిచి ఉన్నందుకు. ఆయన ఉత్తరాలను, డైరీలను, కేసుల పత్రాలను మసాచుసెట్స్ హిస్టారికల్ సొసైటీ ఇంటర్నెట్‌లో ఉచితంగా ఉంచింది. కాబట్టి విజయవాడ లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాల కొట్లు గాలించి, దొరికిన గైడుతో సరిపెట్టుకోనక్కరలేదు.

ముందుగా తారీఖులు సరిచూసుకోవాలి. ఆయన పుట్టినరోజు ఒకచోట 1735 అక్టోబరు 19 అనీ, మరోచోట అక్టోబరు 30 అనీ కనిపిస్తుంది. రెండూ సరైనవే. బ్రిటన్, దాని వలస రాజ్యాలు 1752లో కొత్త క్యాలెండరుకు మారినప్పుడు పదకొండు రోజులు ముందుకు జరిగాయి. బాల్యానికి నాలుగు వాక్యాలు చాలు: తండ్రి బ్రెయిన్‌ట్రీలో రైతు, చెప్పులు కూడా కుట్టేవారు, కొడుకు 1755లో హార్వర్డ్ చదువు ముగించి, ఊస్టర్‌లో బడిపంతులుగా పనిచేస్తూ జేమ్స్ పట్నం అనే వకీలు దగ్గర న్యాయశాస్త్రం నేర్చుకున్నారు. సీనియరు దగ్గర పని నేర్వడమంటే ఏమిటో మన జూనియర్లకు విడమరచి చెప్పనక్కరలేదు.

వ్యాసంలో సగం 1770కి కేటాయించండి. ఆ ఏడాది మార్చి 5 రాత్రి బోస్టన్ కస్టమ్స్ హౌస్ ముందు గుమిగూడిన జనం మంచు ముద్దలు, కర్రలు విసురుతుండగా బ్రిటిష్ సిపాయిలు కాల్పులు జరిపారు, అయిదుగురు చనిపోయారు. ఊరంతా పగతో రగిలిపోతున్న సమయంలో, బ్రిటిష్ పన్నులను వ్యతిరేకిస్తూ వచ్చిన ఆడమ్స్ ఆ సిపాయిల తరఫున వకాల్తా పుచ్చుకున్నారు. ఆయన పక్కన వాదించినవారు జోసయా క్విన్సీ. ప్రాసిక్యూషన్ తరఫున నిలబడ్డ ఇద్దరిలో ఒకరు ఆ జోసయాకు స్వయానా అన్న, శామ్యూల్ క్విన్సీ. ఇటువంటి వివరం ఒక్కటి దొరికితే పది విశేషణాలు కొట్టివేయవచ్చు.

తీర్పును అంకెలతో సహా రాయాలి. ఆ సిపాయిల అధికారి కెప్టెన్ ప్రెస్టన్‌ను విడిగా విచారించి నిర్దోషి అన్నారు. ఎనిమిది మంది సిపాయిల్లో ఆరుగురిని జూరీ విడిచిపెట్టింది. మిగిలిన ఇద్దరి నేరం హత్య కాదనీ, హత్య కిందికి రాని నరవధ అనీ తేల్చింది. నేను మొదటిసారి రాసినప్పుడు ‘అందరినీ విడిపించారు’ అని రాసి, గుంటూరు బ్రాడీపేటలో ఒక పెద్ద ప్లీడరుగారికి చూపించాను. ఆయన కళ్లజోడు నుదుటి మీదికి తోసి, “ఏమోయ్, అందరూ బయటపడితే వాతలు ఎవరికి పెట్టారు?” అని అడిగారు. ఆ ఇద్దరూ ఒకప్పుడు మతగురువులకు మాత్రమే ఉన్న పాత మినహాయింపును కోరి ఉరి తప్పించుకున్నారు. దాన్ని రెండోసారి వాడుకోకుండా గుర్తుగా బొటనవేలి మీద వాత పెట్టి పంపించారు.

ఇక్కడ ప్రకాశం పంతులుగారితో పోల్చాలనిపిస్తుంది. పోల్చవచ్చు గాని, 1928లో మద్రాసులో సైమన్ కమిషన్‌ను వ్యతిరేకిస్తూ పంతులుగారు తుపాకుల ముందు రొమ్ము విప్పి నిలబడ్డారనీ, ఆడమ్స్ తుపాకులు పేల్చినవారి పక్కన నిలబడ్డారనీ చెప్పకపోతే ఆ పోలిక ఇద్దరికీ అన్యాయం చేస్తుంది. భాష విషయంలో ముద్దాయి, వకాల్తా, జూరీ వంటి కోర్టు మాటలనే వాడండి. నిఘంటువులో వెతికి తెచ్చిన సంస్కృత పదాలతో ఆ కోర్టు హాలు కళ్లకు కట్టదు.

తరువాతి పదవులను ఒక్క పేరాలో దాటవచ్చు: కాంటినెంటల్ కాంగ్రెస్ (వలస రాజ్యాల ప్రతినిధుల సభ), యూరప్‌లో దౌత్యం, 1789 నుంచి ఉపాధ్యక్షత, 1797 నుంచి 1801 దాకా అధ్యక్షత. రెండుచోట్ల మాత్రం ఆగాలి. మసాచుసెట్స్ 1780 రాజ్యాంగానికి ప్రధాన రచయిత ఆయనే. సవరణలతో అది నేటికీ అమలులో ఉంది, పాలన చట్టాలది కావాలి గాని మనుషులది కారాదన్న మాట అందులో ఉంది. అదే చేత్తో ఆయన 1798లో, ప్రభుత్వం మీద దురుద్దేశంతో అబద్ధపు రాతలు రాయడాన్ని నేరం చేసిన సెడిషన్ చట్టం మీద సంతకం పెట్టారు. దాని కింద వెర్మాంట్ కాంగ్రెస్ సభ్యుడు మాథ్యూ లయన్‌కు నాలుగు నెలల జైలు, వెయ్యి డాలర్ల జరిమానా పడ్డాయి. జైల్లో ఉండగానే ఓటర్లు ఆయన్ను మళ్లీ గెలిపించారు. తిలక్, గాంధీల మీద పెట్టిన రాజద్రోహం (124ఏ సెక్షన్) కేసులు ఎరిగిన పాఠకుడికి ఇది కొత్తగా అనిపించదు, కాబట్టి దీన్ని ఫుట్‌నోట్‌లోకి నెట్టకండి.

ఆడమ్స్, ఆయన తరువాత అధ్యక్షుడైన జెఫర్సన్ ఇద్దరూ 1826 జూలై 4న ఒకేరోజు మరణించారన్న సంగతితో వ్యాసం ముగించడం అందరూ చేసేదే. నేనైతే దాన్ని పుట్టిన తారీఖు పక్కనే చెప్పేసి, చివరి పేరాను లయన్ జైలుకు వదిలేస్తాను.