యూరోపా యూనివర్సాలిస్ 4 – ఐదో పాఠం: యుద్ధానికి ముందు ఖజానా లెక్క

యూరోపా యూనివర్సాలిస్ 4 అంటే ఒక రాజ్యాన్ని నడిపే కంప్యూటర్ ఆట. నాలుగో పాఠం తర్వాత ఆ ఆటలో చాలామంది దివాలా తీశారు. వనపర్తి నుంచి, నల్గొండ నుంచి వచ్చిన మెసేజ్‌లన్నీ ఇంచుమించు ఇట్లాగే ఉన్నాయి: "అన్నా, పైసలు మంచిగ జమైనయ్, గుళ్లు గూడ కట్టిన, లడాయి మొదలుపెట్టంగనే అన్నీ ఊడ్చుకపోయినయ్." కాబట్టి ఈసారి చెప్పాల్సిన వ్యాపార మార్గాల పాఠం వెనక్కి జరిగింది. ముందు ఈ సంగతి తేల్చుకుందాం.

శాంతికాలంలో ఆర్మీ మెయింటెనెన్స్ స్లైడర్ (సైన్యం జీతాలకు ఎంత పెట్టాలో నిర్ణయించే మీట) తగ్గించుకోమని నాలుగో పాఠంలో అన్నాను. అది సరైన పనే. మీరు దెబ్బతిన్నది అక్కడ కాదు, స్లైడర్ తగ్గించి ఉండగా కనిపించే పచ్చ అంకెను నమ్మడం దగ్గర. నెలకు రెండు డుకాట్లు (ఆటలో డబ్బు) మిగులుతున్నాయని చూసి యుద్ధం ప్రకటిస్తారు. ఆ రెండు డుకాట్లు సైన్యానికి సగం జీతమిస్తేనే మిగులుతున్నాయి. స్లైడర్ పూర్తిగా పెంచగానే అదే అంకె మైనస్ మూడు అవుతుంది. యుద్ధకాలంలో మీ అసలు ఆదాయం ఆ మైనస్ మూడే.

అందుకని స్పేస్‌బార్ నొక్కి ఆట ఆపండి. స్లైడర్ చివరిదాకా లాగండి. మోత్‌బాల్ చేసిన (ఖర్చు తగ్గించుకోవడానికి మూసిపెట్టిన) కోటలు తెరవండి. అప్పుడు బ్యాలెన్స్ చూడండి. ఖజానాలో 60 ఉండి, నెలకు 3 పోతుంటే మీకున్నది 20 నెలలు. చచ్చిన సైనికుల స్థానంలో కొత్తవాళ్లను నింపడానికీ డబ్బు పోతుంది కాబట్టి నేనైతే మూడింట రెండు వంతులే లెక్కలోకి తీసుకుంటాను, అంటే 13 నెలలు. కోట ముట్టడిలో ఒక్కో విడత 30 రోజులు. ఒక కోటకు పది విడతలు పట్టడం మామూలే. రెండు కోటలను ఒకదాని తర్వాత ఒకటి పట్టాలంటే 20 నెలలు. చేతిలో 13 నెలలే ఉన్నాయి కాబట్టి ఆ యుద్ధం మొదలుపెట్టొద్దు.

స్లైడర్ పెంచిన వెంటనే మోరేల్ (సైన్యం మనోబలం) నిండదు. ప్రతి నెలా కొంత కొంత పెరుగుతుంది. ప్రకటించిన రోజే పెంచి, మోరేల్ సగం కూడా లేని సైన్యంతో సరిహద్దు దాటితే మొదటి పోరులోనే వెనక్కి పారిపోతుంది. కొన్ని నెలల ముందే పెంచండి. ఆ ఖర్చు కూడా యుద్ధం ఖర్చే.

గుళ్ల సంగతి కూడా చూడండి. అడ్మిన్ టెక్ (పాలనా పరిజ్ఞానం) 4వ స్థాయి రాగానే అందరూ 100 డుకాట్లు పెట్టి గుడి కడుతున్నారు. గుడి స్థానిక పన్నును 40 శాతం పెంచుతుంది. బేస్ టాక్స్ (మూల పన్ను) 5 ఉన్న ప్రావిన్సులో అది ఏడాదికి సుమారు 2 డుకాట్లు. పెట్టిన డబ్బు తిరిగి రావడానికి 50 ఏళ్లు! ఆట 1444లో మొదలవుతుంది, అంటే 1490లు దాటినా అసలు చేతికి రాదు. పక్కన శత్రువు కాచుకొని ఉంటే ఆ 100 ఖజానాలోనే ఉండనివ్వండి. పన్ను బాగా ఉన్న ప్రావిన్సులోనే గుడి కట్టండి.

అప్పు గురించి ఒక్కమాట. అసలు తీర్చడానికి ఐదేళ్ల గడువు, నెలనెలా వడ్డీ, అప్పు చేసిన ప్రతిసారీ ఇన్‌ఫ్లేషన్ (ధరల పెరుగుదల). గెలుపు కళ్లముందు కనిపిస్తున్నప్పుడే తీసుకోండి.

గెలిచాక భూమి కోసం ఎగబడొద్దు. కొత్త ప్రావిన్సుకు కోర్ చేయాలి (పూర్తిగా మన రాజ్యంలో భాగం చేసుకోవాలి), దానికి అడ్మిన్ (పాలనా) పాయింట్లు పోతాయి, తిరుగుబాట్లు వస్తాయి, మొదట్లో ఆదాయం కూడా అంతంతే. చిన్న రాజ్యంతో ఆడేటప్పుడు నేను నగదు, దానితోపాటు యుద్ధ పరిహారం అడుగుతాను. పరిహారం కింద ఓడినవాడి ఆదాయంలో పదో వంతు పదేళ్లపాటు వస్తుంది. మన గద్వాల నడిగడ్డను కలుపుకొని ఉన్న రాయచూరు దోఆబ్ కోసం బహమనీలు, విజయనగరం తరాల తరబడి కొట్టుకున్నారు. 1520లో కృష్ణదేవరాయలు రాయచూరు గెలిచాకా ఆ పోరు ఆగలేదు. అంత గిరాకీ ఉన్న నేలను తీసుకుంటే కాపలా ఖర్చు కూడా మీదే.

అభ్యాసం: బహమనీతో 1444 నుంచి 1470 దాకా ఆడండి. రెండు యుద్ధాలు గెలవాలి, ఒక్క అప్పూ చేయొద్దు. ప్రతి జనవరి 1న ఆట ఆపి, స్లైడర్ పూర్తిగా పెట్టినప్పటి బ్యాలెన్స్, ఖజానా, ఎన్ని నెలలకు సరిపోతుంది అనే మూడూ నోట్‌బుక్‌లో రాయండి. యుద్ధం ప్రకటించిన రోజు లెక్కకు ఎర్ర గీత పెట్టండి. వచ్చే పాఠం చదివేటప్పుడు ఆ నోట్‌బుక్ దగ్గర పెట్టుకోండి, వ్యాపార మార్గాలను ఆ అంకెలతోనే మొదలుపెడతాను.